తెరకు వీపు పెట్టిన నక్క

బొమ్మలకు ఇంకా మాటలు రాని కాలంలో, కొండవాగు ఒడ్డున ఒక చిట్టడవిలో జంతువులు సొంతంగా బొమ్మల ఆట నడుపుకునేవి. గోడ మీద గీసి వదిలేసిన బొమ్మలు కావవి. నడిచే బొమ్మలు, పరిగెత్తే బొమ్మలు, కిందపడి లేచి తోక దులుపుకునే బొమ్మలు.

ఆ విద్యను అడవికి తెచ్చింది ఓబన్న అనే ముసలి ఎద్దు. వయసులో ఉన్నప్పుడు ఓబన్న ఊరూరా డేరా వేసి బొమ్మల ఆట చూపే ఒక కంపెనీ బండి లాగేవాడు. ఒకనాడు వాగు దాటుతుంటే బండి ఒరిగింది. ఓబన్న కాలు మెలిపడింది. బండిలో ఉన్న బొమ్మల పెట్టె నీళ్లలో పడింది. కంపెనీవాళ్లు కుంటి ఎద్దునూ తడిసిన పెట్టెనూ ఒకే చూపు చూసి, ఇక రెండూ పనికిరావనుకుని వదిలేసి పోయారు. తర్వాత పెట్టె ఆరింది. ఎద్దు లేచి నిలబడ్డాడు. పనికిరాదని పారేసినదాన్ని మళ్లీ ఒకసారి చూసే ఓపిక మనుషులకు ఉండదు.

"పట్నంలో ఏం గీస్తారనుకున్నారు?" అని ఓబన్న అడవివాళ్లకు చెప్పాడు. "మన బొమ్మలే. నక్క, కాకి, కుందేలు, తాబేలు. తాము చేసే తప్పులన్నీ మన చేత చేయిస్తారు. ఆఖర్న ఒక నీతి ముక్క వేస్తారు. అది చూసి మనుషులు పడీ పడీ నవ్వుకుని, ఇంటికెళ్లి అవే తప్పులు చేస్తారు."

"మన బొమ్మలు మనమే గీసుకుంటే పోలేదా?" అంది ములుకమ్మ అనే ఏదుపంది.

అలా మొదలైంది. ములుకమ్మ ఒంటి నుంచి రాలిన ముల్లే కలం. బొగ్గుపొడిలో తుమ్మబంక కలిపితే సిరా. గీయడానికి జెర్రిపోతు విడిచిన కుబుసం. అది పొడుగ్గా, పల్చగా, వెలుతురు దూరేటట్టు ఉంటుంది. పొలుసు పొలుసుకూ ఒక చిన్న బొమ్మ, ముందు బొమ్మకూ వెనక బొమ్మకూ వెంట్రుకవాసి తేడా. ఆ కుబుసాన్ని పెట్టెలో చుట్టి, సొరకాయ బుర్రలో మిణుగురులను కూర్చోబెట్టి, పెట్టె పిడికి కట్టిన కర్రను ఓబన్న గానుగ ఎద్దులా చుట్టూ తిరుగుతూ లాగితే, పెట్టెతో పాటు దొరికిన డేరా గుడ్డను ఎదురుగా చెట్లకు కడితే, దాని మీద బొమ్మలు నడిచేవి. ఓబన్న అడుగు తొందరపడితే బొమ్మలు గెంతేవి. అందుకని ఓబన్న ఎప్పుడూ తొందరపడేవాడు కాడు.

బొమ్మలకు నోరు లేదు గనక, కంపెనీ పద్ధతి ప్రకారం తెర పక్కన నిలబడి కథ చెప్పేవాడు ఒకడు కావాలి. ఆ పనికి కంఠయ్య నక్క ముందుకొచ్చాడు. అతనిది మంచి గొంతు. అందులో ఎవరికీ సందేహం లేదు.

"నక్కా?" అని కుందేళ్లు మొదట బెదిరాయి.

"అమ్మల్లారా, అయ్యల్లారా! తెర ముందు నేను నక్కను కాను, నోటిని మాత్రమే" అన్నాడు కంఠయ్య వినయంగా.

తెర ముందు ఎవరూ ఎవరి మీదా పళ్లు చూపకూడదని అందరూ కలిసి ఒక కట్టుబాటు పెట్టుకున్నారు. కంఠయ్య దాన్ని ఒక్కనాడూ తప్పలేదు. తెర లేని చోట అతనేం తినేవాడో ఎవరూ అడగలేదు.

ములుకమ్మ చోటు అందరికంటే వెనక, పెట్టె పక్కన. కుబుసం మెలిపడకుండా చూసుకోవాలి. పిడి తిరుగుతుంటే కిర్రుకిర్రుమని ఒకటే మోత. ఆ మోతలో కంఠయ్య మాట ఒక్కటీ ఆమె చెవిన పడేది కాదు. అతను ముందరి కాలు ఎత్తడం, తల ఆడించడం, చివర్లో తోకతో కళ్లు ఒత్తుకోవడం మాత్రం రోజూ చూసేది. జనం చప్పట్లు కొట్టేవాళ్లు. ములుకమ్మ కుబుసం చుట్టుకుని ఇంటికి పోయేది.

"ఒక్కసారి ముందుకొచ్చి కూర్చోరాదా చెల్లీ?" అని ఓబన్న అడిగేవాడు.

"నా పని గీయడం. గీశాను. చెప్పడం వాడి పని" అనేది ములుకమ్మ. పని శుభ్రంగా చేసేవాళ్లకు ఉండే గర్వం అది. చూడ్డానికి మంచి గుణంలాగే ఉంటుంది.

ఆ ఏడు ఎండలు మండిపోయాయి. వాగు ఇసుకగా మారింది. ఒక్క మడుగులో మాత్రం నీళ్లు మిగిలాయి. చుట్టుపక్కల చిన్న ప్రాణులన్నీ ఆ మడుగు ఒడ్డుకే పిల్లాపాపలతో చేరాయి. కుందేళ్ల పెద్ద దూదమ్మ అందరినీ పోగుచేసి, తుమ్మకంపతో మడుగు చుట్టూ దడి కట్టించింది. ఒకే ఒక్క దారి, దానికి ముళ్ల తడిక. నక్క నీళ్లు తాగాలంటే దిగువకు పోయి ఇసుకలో చెలమ తోడుకోవాలి. కంఠయ్య డొక్కలు లోపలికి పోయాయి. గొంతు మాత్రం తగ్గలేదు.

ఆ రోజుల్లోనే ములుకమ్మ తన జన్మలో అంతకుముందు గీయనంత మంచి కథ గీసింది. కుందేళ్ల ఊరు. చుట్టూ దడి. ఒక అడవిపిల్లి వచ్చి, 'ఇంత ధైర్యవంతులకు దడి దేనికి?' అన్నట్టు నమస్కారాలు పెడుతుంది. కుందేళ్లు ఉబ్బిపోయి దడి పీకేస్తాయి. పిల్లి లోపలికి పోతుంది. ఆఖరి బొమ్మల్లో ఖాళీ పొదలు. గాలికి ఒక్క తెల్లటి బొచ్చు పోగు పైనుంచి ఊగుతూ ఊగుతూ కిందికి దిగి నేల మీద ఆగుతుంది. అంతే. ఆ పోగు దిగడానికే ములుకమ్మ కళ్లు మంటలెత్తేలా కష్టపడింది. ఒక్కొక్క పొలుసు మీద ఊపిరి బిగబట్టి గీసింది.

ఆ కథ వేసిన సాయంత్రం చప్పట్లు మామూలుగా మోగలేదు. కుందేళ్లు ఎగిరి గంతులేశాయి. ఉడతలు ఈలలు వేశాయి. ములుకమ్మ ఆశ్చర్యపోయింది. ఆ కథకు గంతులేమిటి?

పెట్టె పక్కనే ఒకతె ఏడుస్తోంది. చెవిటి కౌజవ్వ. ముసలి కౌజుపిట్ట. ఆమెకు పిడి మోత వినపడదు గనక ఎప్పుడూ ఆ పక్కనే కూర్చునేది. ఇప్పుడు రెక్కలో తల దాచుకుని వెక్కి వెక్కి ఏడుస్తోంది.

"ఏమైందవ్వా?" అని ములుకమ్మ సైగ చేసింది.

"ఏమైందేంటే! పిల్లలతో సహా తినేసింది కదే ఆ దొంగముండ పిల్లి!" అని అవ్వ అరిచింది. చెవిటివాళ్లకు తాము ఎంత గట్టిగా మాట్లాడుతున్నామో తెలియదు. "ఆ బొచ్చు పోగు చూస్తే నా కడుపు తరుక్కుపోయింది. వీళ్లకేం మాయరోగం, గంతులేస్తున్నారు?"

ములుకమ్మ ఒంటి మీద ముళ్లు ఒక్కసారి నిక్కాయి. అందరూ ఒకే తెర చూశారు. వినగలిగినవాళ్లు నవ్వారు. వినలేనిది ఏడ్చింది.

మర్నాడు పొద్దున్నే ఆమె మడుగు దగ్గరికి పోయింది. దూదమ్మా, మిగతా కుందేళ్లూ చెమటలు కక్కుతూ దడిలోంచి కంపలు లాగి బయట దారి పక్కన కుప్ప పోస్తున్నాయి.

"ఏం చేస్తున్నావే దూదమ్మా?"

"రా అక్కా, రా! నీ కథ మా కళ్లు తెరిపించింది" అంది దూదమ్మ సంబరంగా. "రేపు సాయంత్రం ఆట అయ్యాక తడిక కూడా తీసేస్తాం. అందరి ముందూ. కంఠయ్య మామే కొబ్బరికాయ కొట్టినట్టు తడికలోంచి మొదటి కంప లాగుతాడు."

"నా కథా? నా కథలో ఏముంది?"

"అదేం ప్రశ్న! కుందేళ్లు దడి పీకేశాయి. పిల్లి చుట్టంలా వచ్చింది. వాళ్ల మంచితనం చూసి కరిగిపోయి, అందరినీ కొండ అవతల పచ్చగడ్డి చోటికి తోడుకుని పోయింది. అందుకే ఊరు ఖాళీ."

"మరి ఆ బొచ్చు పోగు?"

"అది వాళ్లు గాలిలో పంపిన కబురు కదక్కా! 'మేం ఇక్కడ సుఖంగా ఉన్నాం, మీరూ రండి' అని. మామ ఆ మాట చెబుతుంటే అందరికీ కళ్లల్లో నీళ్లు తిరిగాయి."

ములుకమ్మ నోట వచ్చిన మాట మంచిది కాదు. "బుద్ధిలేని మందా! అది చచ్చినవాళ్ల బొచ్చే! దడి తీస్తే మీ గతీ అంతే!" అని విరుచుకుపడింది. ముళ్లన్నీ నిక్కి గలగలమన్నాయి. కుందేలు పిల్లలు భయపడి తల్లుల వెనక దాక్కున్నాయి.

దూదమ్మ ముఖం మాడ్చుకుంది. "అరవకక్కా, పిల్లలు జడుసుకుంటారు. నీ ఒంటి నిండా ముళ్లేనాయె, నీకు దడి అంటే చుట్టరికం. నువ్వు గీసేదానివి. అర్థం చెప్పేది ఆయన. ఇన్నాళ్లూ ఒక్కనాడైనా ముందుకొచ్చి ఇదీ నా కథ అని చెప్పావా?"

ములుకమ్మ ముళ్లు దించుకుని వెనక్కి తిరిగింది.

ఓబన్న చెట్టు కింద పడుకుని నెమరు వేస్తున్నాడు. ములుకమ్మ వచ్చి చెప్పిందంతా విన్నాడు.

"పోయి వాణ్ణి నిలదీస్తాను" అంది ములుకమ్మ.

"నిలదీస్తే వాడు మాట్లాడతాడు. మాట్లాడితే వాడే గెలుస్తాడు. నీకు నోటి విద్య లేదు చెల్లీ, ఇందాకే తెలిసిందిగా."

"అయితే రేపు ఆట ఆపేయ్. నువ్వు నడవకు."

"ఆట ఆపితే దడి తీయడం ఆగుతుందా?" అని ఓబన్న చెవి మీది ఈగను తోలుకున్నాడు. "ఒక సంగతి చెప్పు. వాడు ఆట మధ్యలో ఏనాడైనా తెర వంక చూశాడా?"

ములుకమ్మ ఆలోచించింది. కళ్ల ముందు కంఠయ్య మెదిలాడు. జనం వైపు ముఖం, తెర వైపు వీపు. ఎప్పుడూ అంతే.

"చూడడు" అంది.

"చూడడు. కంపెనీలో చెప్పేవాడూ ఇంతే. కథ కంఠతా పట్టేసి, నా మెడ గంట చప్పుడును బట్టి మాట కలిపేవాడు. వాడికి తెరతో పనేముంది, కావలసింది జనం ముఖాలు. ఒకనాడు బొమ్మల చుట్టలు తారుమారయ్యాయి. తెర మీద పెళ్లి. మనవాడు శవం దగ్గర ఏడ్చే ఏడుపు అందుకున్నాడు. పెళ్లికొడుకు తాళి కడుతుంటే, 'అయ్యో నాయనా, నిన్ను మోసుకుపోవడానికి నలుగురు దొరికారా' అని గుండెలు బాదుకున్నాడు. జనం నేల మీద దొర్లి దొర్లి నవ్వారు. వాడేమో తన ఏడుపు తెగ రక్తి కట్టిందనుకున్నాడు."

చాలా రోజులకు ములుకమ్మ నవ్వింది. వెంటనే నవ్వు ఆపుకుంది. "కొత్త కుబుసం లేదు. జెర్రిపోతు ఇప్పట్లో విడవదు."

"పాతదే ఉందిగా."

పాతదంటే ఆ బొచ్చు పోగు ఉన్నదే. ములుకమ్మ తన రాతి గుహలోకి పోయి కుబుసాన్ని ఒళ్లో పరుచుకుంది. పోగు ఊగుతూ దిగే బొమ్మలను ఒక్కొక్కటే చూసుకుంది. ఇంత బాగా మళ్లీ గీయగలనో లేదో అనుకుంది. అప్పుడు మడుగు ఒడ్డున తల్లుల వెనక దాక్కున్న కుందేలు పిల్లలు గుర్తొచ్చాయి. చెలమ దగ్గరికి పోయి, కుబుసం చివరి సగాన్ని నీళ్లలో ముంచి, తుమ్మబంక కరిగేదాకా మెల్లగా రుద్దింది. నల్లటి నీళ్లు ఇసుకలో ఇంకిపోయాయి. తర్వాత కుబుసం ఆరబెట్టింది. సిరా కలుపుకుంది.

మర్నాడు మధ్యాహ్నం కంఠయ్యే ఆమెను వెతుక్కుంటూ వచ్చాడు. దూరాన నిలబడే మాట్లాడాడు. ముళ్లంటే అతనికి ఎప్పుడూ గౌరవమే.

"ఏం ములుకమ్మా, కోపంగా ఉన్నావట? జనానికి నచ్చేటట్టు కాస్త తీపి కలిపానంతే. నీ బొమ్మలు మరీ చేదమ్మా. ఈ సాయంత్రం ఆ కుందేళ్ల కథే మళ్లీ వేయి. జనం అడుగుతున్నారు."

"వేస్తాను" అంది ములుకమ్మ. "చివరి సగం చెరిపి మళ్లీ గీశాను. చూసుకుంటావా?" కుబుసం తీసి అతని ముందు చాచింది.

అబద్ధమాడి గెలవడం ఆమెకు ఇష్టం లేదు. చూస్తే చూడనీ, చూసి సిగ్గుపడితే అంతకంటే ఏం కావాలి అనుకుంది.

కంఠయ్య కుబుసం వంక కూడా చూడలేదు. "నాకెందుకు చూడ్డం! నువ్వు ఏం గీసినా జనం చూసేది నేను చెప్పిందే" అని నవ్వుతూ వెళ్లిపోయాడు.

ములుకమ్మ కుబుసం మడిచి పెట్టెలో పెట్టింది.

పొద్దు వాలింది. మడుగు దగ్గరివాళ్లంతా పిల్లలతో సహా వచ్చి తెర ముందు కూర్చున్నారు. దడి దాదాపు బోసిపోయింది, తడిక మాత్రం మిగిలింది. లాగేసిన తుమ్మకంపలు దారి పక్కన గుట్టగా ఉన్నాయి. మిణుగురులు సొరబుర్రలో వెలిగాయి. ఓబన్న మెడ గంట మోగింది. తెర మీద కుందేళ్ల ఊరు కనబడింది.

"అమ్మల్లారా, అయ్యల్లారా!" అని కంఠయ్య అందుకున్నాడు. "అదిగో చూడండి ధైర్యవంతుల ఊరు! అదిగో చూడండి ఆ ఊరికి పట్టిన చీడ, ముళ్ల దడి!"

మొదటి సగం పాత కథే. జనం కళ్లప్పగించి చూస్తున్నారు. పిల్లి రావలసిన చోటు వచ్చింది.

"అదిగో వస్తున్నాడు మన చుట్టం!" అన్నాడు కంఠయ్య ముందరి కాలు ఎత్తి.

తెర మీదికి ఒక నక్క వచ్చింది. డొక్కలు లోపలికి పోయిన నక్క. అది కూడా ముందరి కాలు ఎత్తింది.

ఎవరో కిసుక్కున నవ్వారు. కంఠయ్యకు హుషారొచ్చింది. తల ఆడించాడు. తెర మీది నక్కా తల ఆడించింది. ఇన్నాళ్లూ అతని మాట వినబడని చోట కూర్చుని, అతని ఒంటి కదలికలు మాత్రమే చూసిన ములుకమ్మ ఒక్కటీ మరిచిపోలేదు. లేనిది ఒక్కటీ కలపలేదు. ఓబన్న మెడ గంటకు తగ్గట్టు అడుగు వేస్తున్నాడు, కంఠయ్య ఆ గంటను బట్టి మాట వేస్తున్నాడు. రెండు నక్కలదీ ఒకటే ఆట.

నవ్వులు పెరిగాయి. కంఠయ్య పొంగిపోయాడు. "ఎంత ప్రేమండీ ఆ చుట్టానికి! కుందేళ్ల పిల్లల్ని చూసి కళ్లల్లో నీళ్లు తిరిగాయండీ!" అంటూ అలవాటు ప్రకారం తోకతో కళ్లు ఒత్తుకున్నాడు.

తెర మీది నక్క కూడా తోకతో కళ్లు ఒత్తుకుంది. అయితే ఆ బొమ్మలో తోక చాటున నాలుక బయటికొచ్చి మూతి ఇటు నుంచి అటు నాకింది.

జనం గబుక్కున తెర మీంచి కంఠయ్య మీదికి చూపు తిప్పారు. తోక చాటున కంఠయ్య నాలుక మూతి నాకుతూ దొరికిపోయింది. ఆ పని అతను రోజూ చేసేవాడు. మాటల్లో పడి ఎవరూ చూడలేదు.

నవ్వులు ఆగిపోయాయి.

దూదమ్మ తన పొడుగాటి చెవులు రెండూ ముందుకు మడిచి, కాళ్లతో అదిమిపట్టుకుంది. ఇప్పుడామెకు కంఠయ్య మాట వినబడదు. కళ్లు తెర మీద నిలిపింది. పక్కనున్న కుందేలు ఆమెను చూసి తన చెవులూ మడుచుకుంది. ఆ వరుసంతా, వెనక వరుసంతా చెవులు మూసుకుని, కళ్లు తెరుచుకుని కూర్చుంది.

తెర మీద కుందేళ్లు దడి పీకాయి. సన్నటి నక్క లోపలికి పోయింది. లావుపాటి నక్క బయటికొచ్చింది. ఖాళీ పొదలు. పైనుంచి ఒక తెల్లటి బొచ్చు పోగు ఊగుతూ ఊగుతూ దిగింది. ములుకమ్మ భయపడినట్టు కాలేదు, మొదటిసారి కంటే ఇదే బాగా కుదిరింది. ఆ పోగు నేల మీద పడలేదు. నక్క మీసం మీద వాలింది.

"ఇదేనండీ ఆ సుఖమైన కబురు!" అన్నాడు కంఠయ్య గద్గదంగా. నిశ్శబ్దం చూసి జనం కరిగిపోయారనుకున్నాడు.

అప్పుడు వెనక నుంచి చెవిటి కౌజవ్వ గొంతు అడవంతా దద్దరిల్లేలా లేచింది. "ఒరేయ్ కంఠయ్యా! నీ మీసం మీదున్న ఆ బొచ్చు ఎవరిదిరా?"

కంఠయ్య ముందరి కాలు దానంతటదే లేచి మీసం తుడుచుకుంది.

అంత పెద్ద నోరున్న నక్కకు ఆ ఒక్క క్షణం నోటితో పనిలేకపోయింది. ఆ తుడుచుకోవడంతోనే అంతా చెప్పేశాడు. ఓబన్న అడుగు ఆపాడు. తెర మీద బొమ్మ ఆగింది. కంఠయ్య మొట్టమొదటిసారి వెనక్కి తిరిగి తెర చూశాడు. తనంతటి నక్క మీసం మీద పోగుతో తనవైపే చూస్తోంది.

"అబద్ధం! ఆ బొమ్మ అబద్ధం!" అన్నాడు.

దూదమ్మ చెవులు వదిలింది. "ఇన్నాళ్లూ నువ్వు అర్థం చెప్పింది ఈ బొమ్మలకేగా మామా? మొన్నటిదాకా నిజమై, నీ ముఖం కనబడగానే అబద్ధమైందా?"

"అది నేను కాదు... అంటే... ఈ కథలో నీతి ఏమిటంటే..." కుందేళ్లు లేచి నిలబడ్డాయి. ఉడతలు లేచాయి. ఓబన్న కొమ్ములు కాస్త వంచాడు. కంఠయ్య ఒక్క గెంతు గెంతి మసక చీకట్లో పరుగందుకున్నాడు. దారి పక్కన తాను పీకించిన తుమ్మకంపల గుట్ట ఉందని ఆ తొందరలో మరిచిపోయాడు. అతని గొంతు ఎంత మంచిదో ఆ సాయంత్రం అడవి మొత్తానికి మళ్లీ తెలిసింది.

తెర ముందు మాత్రం ఎవరూ కదల్లేదు. ములుకమ్మ పెట్టెలోంచి కుబుసం తీసేసింది, తెర తెల్లగా మిగిలింది. ఆట చివర నీతి ముక్క వినడం వాళ్లకు అలవాటు.

"ఇప్పుడు నీతి ఎవరు చెబుతారు?" అంది దూదమ్మ చిన్నగా.

అందరూ వెనక్కి తిరిగారు. ములుకమ్మ పెట్టె పక్కన కుబుసం చుట్టుకుంటోంది. ఇంటికి పోదామనుకుంది. కాళ్లు అటు పోలేదు. ముళ్లు ఒంటికి అణుచుకుని, వరుసల మధ్య నుంచి మెల్లగా నడిచి తెర ముందుకు వచ్చింది. ఎవరికీ గుచ్చుకోలేదు.

"నిన్న నేను అరిచాను. అరవవలసింది కాదు" అంది. "నీతి నేను చెప్పను. మీరు చూశారు. మీరే చెప్పండి."

దూదమ్మ కాస్త తడబడింది. "ముందు... ముందు పోయి దడి కట్టుకోవాలి" అంది.

అందరూ నవ్వారు. ఆ నవ్వుతోనే లేచి, ఆ సాయంత్రమే కంపలు మోసుకుపోయి దడి మళ్లీ కట్టారు. ఓబన్న లాగాడు, ములుకమ్మ ముళ్లు సర్దింది. కొన్నాళ్లకు మబ్బు పట్టింది, వాగు పారింది.

వాన వెలిసిన ఒక పొద్దున కంఠయ్య కుంటుకుంటూ ములుకమ్మ గుహ ముందుకొచ్చాడు. తోక నిండా తుమ్మముళ్లు, చీము పట్టి. "తీసేవాళ్లు ఎవరూ లేరు" అన్నాడు. కథలేమీ చెప్పలేదు. ములుకమ్మ కూర్చోబెట్టి ఒక్కొక్క ముల్లూ తీసింది. ముల్లు సంగతి ఆమెకు తెలియనిది కాదు.

"ఆటకు రావచ్చా?" అన్నాడు చివరికి.

"రా. మొదటి వరుసలో కూర్చో. తెర వైపు తిరిగి కూర్చో. నోరు మూసుకుని చూడు."

అప్పటి నుంచి ఆ అడవిలో తెర పక్కన ఎవరూ నిలబడలేదు. బొమ్మలు నడుస్తుంటే పిల్లలే ఒకరికొకరు కథ చెప్పుకునేవాళ్లు, తప్పు చెబితే పోట్లాడుకునేవాళ్లు. ములుకమ్మ వాళ్ల మధ్యే కూర్చుని వినేది. మొదటి వరుసలో ఒక నక్క తెర వంక కళ్లార్పకుండా చూసేవాడు. బొమ్మలు ఇంత బాగుంటాయని అతనికి అంతకుముందు తెలియదు.

నీతి: నీకు కళ్లున్నప్పుడు ఇంకొకరి నోటితో చూడకు.